కింద గోడకు అంటించిన నోటీసు

కోర్టులో అందరూ ఆయన్ను అమీనుగారు అనేవారు. తాకట్టులో ఉన్న ఇళ్ళకు నోటీసు అంటించడం, చెప్పిన రోజున వేలం వేయడం, జరిగింది జరిగినట్టు జడ్జికి రాసివ్వడం. ముప్పయ్యొక్క ఏళ్ళుగా ఆయన ఉద్యోగం అదే. ఇంటికొచ్చి చొక్కా కొక్కేనికి తగిలించి, అరగంటసేపు ఉలుకూ పలుకూ లేకుండా కూర్చునేవాడు. “మీరొచ్చారా, చొక్కా ఒక్కటే వచ్చిందా?” అనేది భార్య.

రిటైరవడానికి ఐదు నెలలున్నాయనగా బైండింగు షాపావిడ ఫైలు ఆయన చేతికొచ్చింది. భర్త బతికుండగా ఇల్లు తాకట్టు పెట్టి కాగితాలు కోసే మిషను కొన్నాడు. ఆయన పోయాడు, మిషను మిగిలింది, వడ్డీ పెరిగింది. ఇల్లమ్మి బాకీ రాబట్టుకోమని అప్పిచ్చిన కంపెనీకి తీర్పొచ్చింది.

నోటీసు ఇంటి తలుపు మీదే అంటించాలి. ఇల్లేమో మూడో అంతస్తు. ఆ రోజు అప్పటికే నాలుగిళ్ళు తిరిగిన అమీను మోకాళ్ళు ససేమిరా అన్నాయి. కింద కరెంటు మీటర్ల పక్కన గోడకు నోటీసు అంటించి, రిపోర్టులో మాత్రం తలుపుకే అంటించినట్టు రాసి సంతకం పెట్టేశాడు.

వేలానికి ముగ్గురే వచ్చారు, అదీ ఒకే కారులో. ఒకడు పాట మొదలుపెట్టాడు, ఇంకొకడు కాస్త పెంచాడు, మూడోవాడు ఫోను చూసుకుంటూ కూర్చున్నాడు. బయట పలికే ధరలో సగానికే ఇల్లు పోయింది. ముందే కూడబలుక్కుని వచ్చేవాళ్ళ వాలకం అమీనుకు కొత్త కాదు. సంతకాలు తీసుకుని ఇంటిదారి పట్టాడు.

కోర్టు ఖాయం చేస్తేగాని ఆ అమ్మకం చెల్లదు. అది ఖాయం కాకముందే షాపావిడ అర్జీ పట్టుకుని కోర్టుకొచ్చింది. వేళ్ళ సందుల్లో జిగురు ఎండి తెల్లగా ఉంది.

“వేలం సంగతి నాకు తెలీదమ్మా. అంతా అయిపోయాక కింద అద్దెకున్నవాళ్ళు చెప్పారు,” అంది జడ్జితో.

కంపెనీ వకీలు లేచాడు. “తలుపుకే అంటించినట్టు రిపోర్టుంది మేడం.”

జడ్జి కళ్ళజోడు తీసి అమీను వైపు చూసింది. “మీరే వెళ్ళి అంటించారా?”

అవునంటే అక్కడితో సరి. అవుననడమే ఆయనకు అలవాటు కూడా. కానీ ఆ పూట ఆ ఒక్క ముక్క అనడానికీ ఓపిక లేకపోయింది.

“లేదమ్మా. మెట్లెక్కలేక కింద గోడకు అంటించాను. తలుపుకని రాశాను. పాటకొచ్చిన ముగ్గురూ ఒకే కారులోంచి దిగారు. అదీ రాయలేదు.”

జడ్జి ఆ అమ్మకం రద్దు చేసింది. ఇంటికి మళ్ళీ విలువ కట్టించి, పేపర్లో ప్రకటన వేయించి, కొత్తగా వేలం వేయమంది. అమీనుకు మెమో వచ్చింది, ఒక ఇంక్రిమెంటు పోయింది.

“ఇన్నేళ్ళు మెదపని నోరు ఇప్పుడే మెదపాలా?” అంది భార్య. “పెన్షన్లో ఎంత తగ్గుతుందట?”

“కొంచెం.”

“కొంచెమంటే?”

ఆయన చెప్పాడు. ఆవిడ కంచం పెట్టి, “సరే, తిని పడుకోండి. మోకాళ్ళకు నూనె రాస్తాను,” అంది.

రెండోసారి ఆయన అంతస్తుకొకసారి ఆగుతూ మూడూ ఎక్కాడు. షాపావిడ తలుపు తీసి, ఆయన్ను చూసి స్టూలు వేసింది.

“ఈసారి తలుపెక్కడుందో చూసి మరీ అంటించండి,” అంది.

వేలానికి పదకొండుమంది వచ్చారు. బాకీ, వడ్డీ, ఖర్చులు పోగా ఆవిడకు కాస్త సొమ్ము మిగిలింది. ఇల్లు మాత్రం మిగల్లేదు.

స్వాధీనం చేసుకోవడానికి వెళ్ళిన సోమవారం, గదినిండా రిజిస్టర్లు బరువుల కింద ఉన్నాయి.

“స్కూలువాళ్ళవి, జిగురింకా ఆరలేదు. ఇల్లు ఇవాళ ఇచ్చేసినట్టు రాసుకోండి. గురువారం వెళ్ళిపోతాను,” అంది.

“అలా రాయనమ్మా. పదండి, జడ్జిగారినే అడుగుదాం.”

ఇద్దరూ బస్సెక్కి కోర్టుకెళ్ళారు. జడ్జి విని, కొన్నవాళ్ళనూ ఒక మాట అడిగి, వారం గడువిచ్చింది. బయట మెట్ల మీద షాపావిడ ఆగింది.

“మీకు దండం పెట్టబుద్ధి కావట్లేదు. అలాగని తిట్టబుద్ధీ కావట్లేదు,” అంది.

“పర్లేదమ్మా,” అన్నాడాయన.

వారం తర్వాత తాళంచెవి తీసుకుని, గడియారం చూసి, సరిగ్గా ఆ టైమే రాశాడు. ఆ నెలాఖరుకు రిటైరయ్యాడు.