మా ఇంటి బొటనవేలు

ఇప్పటి పిల్లలకు చెబితే నమ్మరు గాని, కరోనా ముదిరిన ఆ రోజుల్లో మా ఇంట్లో అందరికన్నా ఎక్కువ గౌరవం అందుకున్నది మా బాపు కాదు, బాపును కన్న మా బాపమ్మ కాదు, గోడ మీది దేవుడి పటం కూడా కాదు. నా కుడిచేతి బొటనవేలు. నేను కాదు, వేలు మాత్రమే. (మిగతా నన్ను ఎప్పటిలాగే తిట్టేవారు.) అప్పుడు నేను పన్నెండో తరగతి పాసై, ఇక చదవాలా, ఏదైనా పనిలో చేరాలా అని తేలక, ఇంట్లో కాళ్ళు చాపుకొని కూర్చునేదాన్ని. అటువంటి నన్ను చూసి వాడకట్టులో ఆడవాళ్ళు "ఈమె వేలేనట" అని చెప్పుకుంటూ పోయేవాళ్ళు. ఆ వైభవం ఎట్లా వచ్చిందో, ఎట్లా పోయిందో చెబుతాను.

మేముండేది సూరత్‌లో, భేస్తాన్ దగ్గర ఒకే ఒక్క గదిలో. బాపు సాంచెల మీద, అంటే మరమగ్గాల మీద పని చేసేవాడు. ఎక్కడ పోగు తెగితే అక్కడ వేళ్ళతో మెలిపెట్టి అతకాలి, సాంచెను మళ్ళీ నడిపించాలి. ఏళ్ళ తరబడి అదే పని చేసీ చేసీ ఆయన వేళ్ళ కొసలు అద్దంలా నున్నబడ్డాయి. వాటి మీద గీత అన్నదే లేదు. ఒకసారి బ్యాంకులో ఎంత నొక్కినా ముద్ర పడకపోతే, వెనక నిలబడ్డ వాళ్ళు ఏదో అని నవ్వారు. బాపు వచ్చిన పని వదిలేసి ఇంటికొచ్చేశాడు. ఆ రోజు నుంచి ఏ మిషన్ మీదా వేలు పెట్టనని ఒట్టు పెట్టుకున్నాడు. సిమ్ కార్డు కూడా అమ్మ పేరుతోనే తీసుకున్నారు, ఆమె వేళ్ళు అప్పటికి ఇంకా బాగుండేవి కాబట్టి.

లాక్‌డౌన్ పెట్టగానే సాంచెలు ఆగిపోయాయి. మా వాడకట్టులో సగం మంది రైళ్ళు నడవగానే ఊరికి పోయారు. బాపు మాత్రం "వచ్చే సోమవారం సాంచెలు నడుస్తయట" అంటూ కూర్చున్నాడు. ఆ సోమవారం ఎప్పటికీ రాలేదు. డబ్బాలో బియ్యం అడుగంటింది. పుణ్యాత్ములెవరో రోజూ వీధిలోకి కిచిడీ పంపేవాళ్ళు. వాళ్ళకు ఈ రోజుకీ దండం పెడతాను. కాని అదే కిచిడీ పొద్దున, అదే కిచిడీ సాయంత్రం. "నాలిక సచ్చిపోయింది బిడ్డా, ఇంత తెల్లన్నం, ఇంత పచ్చిపులుసు పోస్తె పానం లేసొస్తది" అని బాపమ్మ కిచిడీ ముందు పెట్టుకొని కళ్ళనీళ్ళు తీసుకునేది. ఊళ్ళో రేషన్ కార్డులోంచి మా పేర్లు ఎప్పుడో తీసేశారు. ఇక్కడేమో కార్డు చేయించుకోవాలన్న ఆలోచన ఎవరికీ రాలేదు, రేపోమాపో ఊరికి పోతామన్నట్టే ఇరవై ఏళ్ళు గడిపేశారు.

అమ్మ ఒక పొద్దున కొంగు నడుముకు చెక్కింది. అమ్మ కొంగు చెక్కిందంటే ఇంట్లో పిల్లి కూడా పక్కకు తప్పుకుంటుంది. "ఈడ బతుకుతున్నం, ఈడ పని జేస్తున్నం, ఈడనే కార్డు గావాలె. కిచిడీ కోసం గిన్నె పట్టుకొని నిలబడుడు ఇగ నాతోని గాదు. సర్కారు బియ్యం మన హక్కు. ఎట్లియ్యరో నేను జూస్త" అంది. గుజరాతీ బాగా వచ్చినదాన్ని నేనొక్కదాన్నే కాబట్టి నన్ను ముందుకు తోసింది.

మొదటి అడ్డంకి కరెంటు బిల్లు. మేముంటున్న గదికి మేమున్నామని రుజువు కావాలట. ఇంటి శేఠ్ గేటు లోపలి నుంచే, బిల్లు కాపీ ఇస్తే రేపు ఇల్లే మాదంటామని అనుమానపడి, "నహీ మిలేగా" అన్నాడు. అమ్మ బతిమాలింది, నేను వాదించాను, ఆయన కదలలేదు. మూడో మనిషిగా బాపమ్మ వెళ్ళి ఆయన గేటు ముందు మెట్టు మీద కూర్చుంది. ఆమెకు ఊళ్ళో బీడీలు చుట్టిన నాటి నుంచి పొగాకు దగ్గు ఉంది. అది మామూలు దగ్గు కాదు, మొదలైతే వీధి చివర కుక్క కూడా లేచి చూస్తుంది. ఆ రోజుల్లో దగ్గు వింటే మనుషులు ఎట్లా పరుగెత్తేవారో మీకూ గుర్తుండే ఉంటుంది. బాపమ్మ మాస్కు గడ్డం కిందికి లాక్కొని, తీరిగ్గా, మనసారా దగ్గింది. కాసేపటికి మేడ మీది నుంచి కరెంటు బిల్లు కాపీ ఎగురుకుంటూ వచ్చి ఆమె ఒళ్ళో పడింది. "మంచోడే పాపం, అడగంగనే ఇచ్చిండు" అంది బాపమ్మ, మాస్కు పైకి లాక్కుంటూ.

ఇక ఆఫీసు. అక్కడ కిటికీ వెనక కూర్చున్న గుమాస్తాకు మేము 'రేపు సారు' అని పేరు పెట్టుకున్నాం. ఏ కాగితం ఇచ్చినా "కాలే ఆవజో", రేపు రండి, అనేవాడు. మేము రేపు వెళ్ళేవాళ్ళం. ఆ మర్నాడూ వెళ్ళేవాళ్ళం. చివరికి ఆయనే విసిగిపోయి, "మీకు ఇల్లు లేదా?" అన్నాడు. "ఇల్లున్నది సార్, ఇంట్ల బియ్యమే లెవ్వు" అంది అమ్మ. నేను గుజరాతీలో చెబుదామనుకునేలోపే ఆయనకు అర్థమైపోయింది. నవ్వు ఆపుకొని కాగితాలు తీసుకున్నాడు. ఇంట్లో ఒక్కరి వేలిముద్ర పడినా చాలన్నాడు. బాపమ్మ వేలు పడలేదు, జీవితమంతా బీడీలు చుట్టిన వేలాయె. అమ్మదీ పడలేదు, ఈమధ్య సోడాతో, పీచుతో అంట్లు ఒరిసి ఒరిసి బొటనవేలు పగిలిపోయింది. బాపు ఆఫీసు మెట్లు కూడా ఎక్కలేదు, "నాది పడదని ఎరుకే గదా" అని చెట్టు కింద నిలబడ్డాడు. నేను పెట్టాను. అలా పెట్టానో లేదో పచ్చ లైటు వెలిగింది. "పనిపాట లేని చేతులు, పడక ఏం జేస్తయ్!" అంది అమ్మ. (పొగడ్తగానే తీసుకున్నాను.) రేపు సారు చీటీ ఇచ్చి, "నెలాఖరులోగా రేషన్ దుకాణంలో ఒకసారి వేలు పెట్టి బియ్యం తీసుకోండి. అప్పుడే కార్డు ఖాయం. లేకుంటే రద్దు, మళ్ళీ మొదటి నుంచి" అన్నాడు.

అక్కడి నుంచి మొదలైంది నా వేలి రాచరికం. "అంట్లు ముట్టకు, వేలు ఒరుస్తది." "ఉల్లిగడ్డ కొయ్యకు, తెగుతది." "వేడి గిన్నె పట్టకు, కాలుతది." వేలికి వ్యాజిలైన్ రాసి గుడ్డ చుట్టి పడుకోబెట్టేవాళ్ళు. నేను ఊరుకుంటానా? చీపురు పట్టమంటే "బొటనవేలు లేకుండా చీపురెట్ల పడ్తరు?" అనేదాన్ని. నా వంతు అంట్లు, బట్టలు, కసువు అన్నీ అమ్మ నెత్తినే పడ్డాయి. ఆమె అన్నీ చేసింది, బియ్యం వచ్చేదాకా ఓపిక పడదామని. దుకాణంలో సరుకు ఇంకా రాలేదని రోజులు జరుగుతూ వచ్చాయి. ఇంతలో ఆషాఢం వచ్చింది.

బాపమ్మ ఊరి నుంచి కొమ్మ తెచ్చి, పాత నూనె డబ్బాలో పెంచిన గోరింటాకు చెట్టు మా గుమ్మం పక్కనే ఉండేది. లోకమంతా మూసేసినా ఆషాఢంలో ఆడపిల్ల చేతులు తెల్లగా ఉండగూడదు, అంతే. ఆకు దూసి, ఇంత చింతపండు వేసి, రాతి మీద వెన్నలాగా నూరింది. నా వేళ్ళన్నిటికీ టోపీలు పెట్టింది. కుడి బొటనవేలి దగ్గరికొచ్చేసరికి ఆగి, కళ్ళకద్దుకుంది. "మా ఇంటికి బువ్వ పెట్టే వేలు. దీనికి అందరికన్న మందంగ పెట్టాలె" అని రెండు పూతలు పూసింది. అమ్మ పక్కనే కూర్చొని చూసింది. "ఎంత మంచిగ పండుతదో" అని కూడా అంది. బాపు చూశాడు. నేను చూశాను. ఇంతమందిలో ఒక్కరికి, ఒక్కరికంటే ఒక్కరికి, ఆ మిషన్ గుర్తు రాలేదు. పెట్టించుకునేది నేను గాబట్టి అందరికన్నా మొదటి తెలివితక్కువదాన్ని నేనే.

అబ్బ, ఏం పండింది! మరుసటి రోజు నెలాఖరు. దుకాణానికి సరుకు వచ్చిందని తెలిసి ఇంటిల్లిపాదీ సంచులు పట్టుకొని వెళ్ళాం. మా వంతు రాగానే దర్జాగా వేలు పెట్టాను. ఎర్ర లైటు. తుడుచుకొని పెట్టాను. ఎర్ర లైటు. దుకాణం కాకా మిషన్ వంక, నా వేలి వంక చూసి, "బేటా, మెహందీ? ఆజ్ హీ?" ఈ రోజేనా అని తల పట్టుకున్నాడు. అప్పుడు వెలిగింది మాకందరికీ ఒకేసారి. బాపమ్మ "ఓ దేవుడా, ఈ చేతులు ఇరిగిపోను!" అని తన చేతులనే తిట్టుకుంది. పక్క బండి మీద నిమ్మకాయ అడిగి రుద్దాను. సోడా రుద్దాను. సిమెంటు గోడకేసి గీశాను. కాకా బల్ల మీది శానిటైజర్ సీసా సగానికి సగం వంచేసరికి ఆయన సీసా లాక్కొని దాచుకున్నాడు. వేలు తెల్లబడకపోగా ఇంకా నిగనిగలాడింది. మిగతా తొమ్మిది వేళ్ళూ పెట్టించి చూశాడు పాపం. అన్నీ టోపీలే. బాపమ్మది పడలేదు. అమ్మది పడలేదు. దుకాణం మూసే వేళ అవుతోంది. నాకు నిజంగా ఏడుపొచ్చింది. రేపు సారు, కరెంటు బిల్లు, ఆ మెట్లు, మళ్ళీ అన్నీ మొదటి నుంచి. అంతదాకా కిచిడీ గిన్నె.

అమ్మ వెనక్కి తిరిగింది. వరుసకు దూరంగా సంచులు పట్టుకొని బాపు నిలబడి ఉన్నాడు. "ఏమయ్యా, ఇటు రా."

"నాది పడదని ఎరుకే గదనే. నలుగురిల నన్ను నవ్వులపాలు జేస్తవా?"

"నవ్వెటోళ్ళు వచ్చి మన పొయ్యి మీద ఎసరు పెడ్తరా? రా అంటున్న!"

బాపు కదలలేదు. నేను పోయి ఆయన చెయ్యి పట్టుకున్నాను. "బాపూ, పడకుంటె పడకపాయె. ఒక్కపారి పెట్టు. ఎవ్వలు నవ్వినా నేను జూసుకుంట" అన్నాను. (ఏం చూసుకునేదాన్నో నాకే తెలియదు.) ఆయన నా ఎర్రటి చేతిని, ఏడుపు మొహాన్ని చూశాడు. సంచులు అమ్మకిచ్చి, కళ్ళు మూసుకొని, నిప్పు మీద పెట్టినట్టు వేలు పెట్టాడు.

పచ్చ లైటు.

"ఆవీ గయూ!" అన్నాడు కాకా, వచ్చేసిందని. ఎవరం నమ్మలేదు. "మల్లొక్కపారి జూడు భయ్యా" అని అమ్మే అనుమానపడింది. బాపు కళ్ళు తెరిచి మిషన్ వంక చూస్తూ అట్లాగే నిలబడిపోయాడు. వెనక ఎవరూ నవ్వలేదు. కాకా బియ్యం తూచాడు, గోధుమలు తూచాడు. బాపు బియ్యం సంచీ తలకెత్తుకున్నాడు. ఇంటి దగ్గరికొచ్చాక సంచీ దించి, బొటనవేలిని వెలుతురులో తిప్పి తిప్పి చూసుకున్నాడు. "సాంచె ఆగిపాయె గదా. పోగు ముట్టక ఎన్ని దినాలాయె. తోలు కొత్తగ వచ్చింది, గీతలు మల్ల మొలిచినయ్" అన్నాడు. ఆయన గొంతులో సంతోషం లేదు. పని లేని చేతికే అన్నం పుట్టిందన్న సిగ్గు ఆయన మొహంలో కనిపించింది.

"మరి అమ్మా, నీది ఎందుకు మొలవలే?" అన్నాను, మాట మార్చాలని. అమ్మ బియ్యం చెరుగుతూ తల ఎత్తింది. "లాక్‌డౌన్ సాంచెలకు పెట్టిండ్రు గని అంట్లకు పెట్టిండ్రా? నీ వంతు గూడ నేనే తోమితి." చేట పక్కన పెట్టి, "ఇగ నీ వేలి పని అయిపాయె. లే, గిన్నెలు తోము" అంది. రాచరికం అక్కడికక్కడే ఊడింది. ఆ రోజు బాపమ్మ అన్నంలో పచ్చిపులుసు పోసుకొని, వేళ్ళు నాకుతూ, "గోరింటాకు మాత్రం మంచిగ పండింది బిడ్డా" అంది. అమ్మ చేతిలోని గరిటె గాల్లోనే ఆగింది. బాపు ఫక్కున నవ్వాడు. అన్ని నెలల తర్వాత ఆయన నవ్వడం అదే.

దీపావళి తర్వాత సాంచెలు నడిచాయి. కొన్ని నెలలకు ఒక రోజు బాపు రేషన్ దుకాణం నుంచి ఖాళీ సంచీతో, విజయం సాధించినవాడిలా ఇంటికొచ్చాడు. "పడలే! ఎంత ఒత్తినా పడలే!" అని వాకిట్లోంచే కేకేశాడు. అమ్మ "అవ్వో, నిజంగనా?" అని మురిసిపోయింది. వేలిముద్ర పడలేదని సంబరపడ్డ కుటుంబం మాదొక్కటేనేమో. ఆ నెల నుంచి బియ్యానికి నేనే వెళ్ళాను, గోరింటాకు పెట్టుకున్నా ఆ ఒక్క వేలూ విడిచిపెట్టి.

ఇప్పుడు పెళ్ళయి సూరత్‌లోనే పర్వత్ పాటియాలో ఉంటున్నాను. చీరలకు లేసు కుట్టి, పోగులు కత్తిరించి ఇచ్చే పని నాది. మొన్న సిమ్ కార్డు కోసం వెళితే దుకాణంలో కుర్రవాడు "ఔర్ ఏక్ బార్, మేడమ్" అని మళ్ళీ మళ్ళీ అడుగుతూ నా చేత అన్ని వేళ్ళూ పెట్టించాడు. ఒక్కటీ పడలేదు. నేను నవ్వుతుంటే వాడు నన్ను ఎగాదిగా చూశాడు. ఇంటికొచ్చి భేస్తాన్‌కు ఫోన్ చేసి చెప్పాను. బాపు నా చేత మళ్ళీ ఒకసారి చెప్పించుకున్నాడు. తర్వాత, "మంచిగనే పని జేస్తున్నవ్ బిడ్డా" అన్నాడు. వెనక నుంచి అమ్మ గొంతు వినిపించింది, "అంట్లు గూడ తోముతున్నదా అడుగు!" అని. ఫోన్ పెట్టేసి నా బొటనవేలిని వెలుతురులో తిప్పి చూసుకున్నాను. వ్యాజిలైన్ రాయించుకొని, గుడ్డ చుట్టించుకొని, కాళ్ళు చాపుకొని కూర్చున్న ఆ పిల్ల దాని మీద ఎక్కడా కనిపించలేదు. కొంచెం బెంగపడ్డాను గాని, లేసు పని మిగిలి ఉంది, వెళ్ళి కూర్చున్నాను.