కండక్టరుగారి సొంత అవసరం

కండక్టరుగారు బస్సు దిగి చాలాకాలమైంది గానీ ఆయన కథలు మాత్రం ఇంకా డిపో చేరలేదు. వంతెన మీద మొరాయించిన బస్సును ప్రయాణికులందరిచేత ఒక్కసారి గట్టిగా తుమ్మించి కదిలించానని చెప్పేవారు. టికెట్ లేకుండా ఎక్కిన మేకచేత చార్జీ కట్టించానని, చిల్లర కోసం అది చివరి స్టాపుదాకా దిగలేదని చెప్పేవారు. విన్నవాళ్లు నవ్వుకునేవారు. ఆ కథలవల్ల ఎవరికీ నష్టం లేదు. ఒకే ఒక్క కథ మాత్రం ఒక మనిషిని కొట్టులోంచి లేపేసింది.

జీవితమంతా నిలబడి చేసిన ఉద్యోగంలో ఆయన సంపాదించింది ఒక చిన్న ఇల్లు, దాని ముందు వీధిలోకి తెరుచుకునే కొట్టు. అందులో పెట్టెలాయన అద్దెకుండేవాడు. తెగిన సంచులు, పళ్లూడిన జిప్పులు, చక్రాలు విరిగిన సూట్‌కేసులు బాగుచేసేవాడు. ఒక మూల అతని భార్య కుట్టుమిషను తొక్కేది. కొట్టంతా తోలు వాసన, జిగురు వాసన. నెల తిరగ్గానే అద్దె ఇచ్చేసేవాడు. వేలెత్తి చూపడానికి కండక్టరుగారికి వంక దొరికేది కాదు.

చిక్కల్లా అదే. ఎదుటి వరసలోని సెల్‌ఫోన్ల వ్యాపారి ఆ కొట్టు మీద కన్నేసి, రెట్టింపు అద్దె ఆశ చూపించాడు. సక్రమంగా ఉన్నవాణ్ణి అద్దె చట్టం ఊరికే ఖాళీ చేయించనివ్వదు.

"సొంత అవసరం అని కేసు వేద్దాం," అన్నాడు వకీలు. "కొట్టులో మీరే వ్యాపారం పెట్టుకుంటారని చెప్పాలి. మీకేం వచ్చు?"

"టికెట్లు కొట్టడం."

"అది కుదరదులెండి. బల్బులు, స్విచ్చులు అని రాస్తాను."

కండక్టరుగారింట్లో బల్బు మార్చేది ఆయన భార్య. ఆ సమయంలో ఆయన పక్కగదిలో నిలబడి "జాగ్రత్తే" అంటుంటారు.

కోర్టులో పెట్టెలాయన తరఫు వకీలు అడిగాడు: "ఈ వయసులో మీకు బల్బుల వ్యాపారమెందుకండీ?"

వినేవాళ్లుంటే కండక్టరుగారి నాలుక ఆగదు. జోరువాన, ఘాట్‌ రోడ్డు, లైట్లారిపోయిన బస్సు, లోపల నొప్పులు పడుతున్న ఆడమనిషి. తాను ఒంటిచేత్తో తీగలు కలిపారట. దీపం వెలగడం, బిడ్డ ఏడవడం ఒక్కసారే జరిగాయట. "ఆ వెలుతురు చూసినప్పట్నుంచీ దీపాలమ్ముకుని బతకాలన్నదే నా కోరిక," అని కళ్లు తుడుచుకున్నారు. గుమాస్తా కూడా రాయడం ఆపి విన్నాడు.

తీర్పు ఆయన పక్షాన వచ్చింది. వరండాలో పెట్టెలాయన ఎదురొచ్చాడు. తిడతాడనుకుని కండక్టరుగారు చేతిలోని గొడుగు అడ్డం పెట్టుకున్నారు.

"మీకు ఇంత కోరికుందని నాకు తెలీదండీ. ముందే చెప్పుంటే కేసు దాకా ఎందుకు, నేనే ఖాళీ చేసేవాణ్ణి," అన్నాడు పెట్టెలాయన.

అతను తిట్టి ఉంటే కండక్టరుగారు ఆ పూట హాయిగా భోంచేసేవారు.

అసలు మెలిక ఆయన వకీలు ఆ తర్వాత చెప్పాడు. వెంటనే ఇంకొకరికి అద్దెకిస్తే, పాతాయన కొట్టు తిరిగి ఇప్పించమని కోర్టుకెక్కవచ్చు. కాబట్టి కొన్నాళ్లు తమరే నడపాలి. సెల్‌ఫోన్ల వ్యాపారి అందాకా ఆగుతానన్నాడు. కండక్టరుగారు బల్బులు తెచ్చి, వాటిని చూసి తామే భయపడుతూ కూర్చున్నారు.

"ఇన్నేళ్లకి మీ కథ ఒకటి నిజమైంది. అనుభవించండి," అంది భార్య.

బల్బుల కోసం ఎవరూ రాలేదు. విరిగిన పెట్టెలు మోసుకుని మాత్రం రోజూ వచ్చేవారు. "ఆయన పక్క సందులో మెట్ల కిందున్నాడు," అని వాళ్లకి దారి చెప్పడమే కండక్టరుగారి వ్యాపారమైంది. ఒకసారి అటు వెళ్లి చూశారు. మెట్ల కింద తలెత్తే వీల్లేక పెట్టెలాయన వంగి కూర్చుని చేత్తోనే కుడుతున్నాడు. అక్కడ మిషను పట్టదు. ఆనాటి నుంచి కండక్టరుగారు పాలకు కూడా చుట్టు తిరిగి వెళ్లడం మొదలుపెట్టారు.

ఒక మధ్యాహ్నం పెట్టెలాయనే కొట్టుకొచ్చాడు. "ఒక బల్బు ఇవ్వండి. మెట్ల కింద పగలు కూడా చీకటేనండీ."

కండక్టరుగారు బల్బు వెలిగించి చూపబోయారు. హోల్డరులో దాన్ని ఎటు తిప్పాలో తెలియక తంటాలు పడుతుంటే, పెట్టెలాయనే దాన్ని అందుకుని ఒక్క తిప్పుతో బిగించాడు.

"వానలో తీగలే కలిపారు కదండీ," అన్నాడు నవ్వుతూ. అందులో ఎత్తిపొడుపు లేదు. అదే ఆయనను పడగొట్టింది.

"నేను కలపలేదయ్యా. డ్రైవరు ఫ్యూజు మార్చాడు. నేను గొడుగు పట్టుకున్నాను. బస్సులో ఆడమనిషే లేదు."

పెట్టెలాయన బల్బు ఆర్పి కింద పెట్టాడు. "మరి కోర్టులో?"

"అల్లాను. ఎక్కువ అద్దె వస్తుందని."

"అప్పీలు చేద్దామని మా ఆవిడ ఎంతో పోరిందండీ. పెద్దాయన ముచ్చట తీర్చుకోనీ అని నేనే దాని నోరు మూయించాను. ఇప్పుడు ఇంటికెళ్లి దాని మొహం ఎలా చూడమంటారు?"

"కొట్టు నీదేనయ్యా, ఇవాళే తీసుకో. పోనీ, నువ్వు కోర్టులో అర్జీ పెట్టుకో. నేను అడ్డుచెప్పను. కోర్టే ఇప్పించినట్టుంటుంది."

"అంటే ఈ పని కూడా నేనే చేయాలా? మీ మర్యాద పోకుండా?"

కండక్టరుగారు కిందున్న బల్బు తీసి తుడవసాగారు.

"నాతో రండి. దానికి మీరే చెప్పండి," అన్నాడు పెట్టెలాయన.

వాళ్లది ఒకటే గది. మంచాన్ని గోడకు నిలబెట్టి, ఆ జాగాలో మిషను పెట్టుకుని ఆవిడ సంచి కుడుతోంది. కండక్టరుగారు గడప దగ్గర చెప్పులు విడిచి, కుర్చీ కోసం అలవాటుగా అటూ ఇటూ చూశారు.

"నిలబడే చెప్పండి," అంది ఆవిడ, మిషను ఆపకుండా.

ఆయన చెప్పారు. వాన లేదు, ఘాట్‌ రోడ్డు లేదు, బిడ్డ లేదు. ఇంత చిన్న కథ ఆయన జన్మలో చెప్పలేదు. అయిపోయాక ఆవిడ దారం పుటుక్కున తెంపింది.

"మిషను మళ్లీ కొట్టుకి మోయడానికి ఒక మనిషి కావాలి," అంది భర్తతో. "ఈయన్ని రెండోవైపు పట్టుకోమను."