పాత అలలకు కంపెనీ ముద్ర

1948 వేసవిలో మా దినపత్రిక నన్ను తమిళ ప్రాంతంలోని ధర్మపురికి విలేకరిగా పంపింది. అంతకుముందు మద్రాసులో కోర్టు వార్తలు రాసేవాణ్ణి. ధర్మపురిలో వార్తలు తాలూకా కచేరీలోనో, మునిరత్నం నాయుడి డేరా సినిమాలోనో దొరికేవి.

పక్కనున్న నల్లంపల్లినుంచి జనం వచ్చే బండ్లు చేరేదాకా నాయుడు అసలు సినిమా, అక్కడి మాటలో ‘పడం’, మొదలుపెట్టేవాడు కాదు. ముందే వచ్చి కూర్చున్నవాళ్ళ కోసం పాత విదేశీ మూకీ తునకలు వేసేవాడు. వాటిలో గట్టును కొట్టే సముద్రపు అలలంటే జనానికి ఇష్టం. మూతపడిన మరో డేరా సామానుతోపాటు వాటిని కొన్నాడు.

ఒక సాయంత్రం మద్రాసు పంపిణీ కంపెనీ ఏజెంటు సబ్ ఇన్‌స్పెక్టరును వెంటబెట్టుకొని వచ్చాడు. అలల తునక తమదని, నాయుడు దొంగతనంగా ఆడిస్తున్నాడని ఫిర్యాదు. తునక మొదట్లో తెరమీద పడుతున్నది నిజంగానే ఆ కంపెనీ ముద్ర. ఇన్‌స్పెక్టరు ప్రొజెక్టరుకు సీలు వేస్తానని సంచిలోంచి లక్క తీశాడు. డేరా లైసెన్సు ఆ వారమే పునరుద్ధరించాలి. కేసు నడుస్తుంటే కలెక్టరు సంతకం పెట్టడు. లోపల జనం ఈలలు వేస్తున్నారు.

నాయుణ్ణి పక్కకు పిలిచి ముద్ర సంగతి అడిగాను.

“నేనే అంటించినాను సామీ. ఆ సామాన్లోనే వాళ్ళ రీలు ఒకటి చినిగిపోయి ఉండె. దాన్నించి కోసినాను.”

“ఎందుకయ్యా?”

“ముద్ర పడితేనే కదా జనం తెరకు కర్పూర హారతి చూపేది! అది లేకుంటే మనోళ్ళు పడం మొదలైందనే ఒప్పరు. ‘ఏం నాయుడా, తల లేని పడం చూపిస్తావా’ అని ఎగతాళి చేస్తారు.”

అప్పటి చట్టం సినిమాను ఫోటోల వరుసగా చూసేది. అసలు నెగెటివు తయారైన నాటినుంచి యాభై ఏళ్ళు గడిస్తే ఫోటోమీద హక్కు తీరిపోతుంది. ఆపైన ఎవరైనా ఆడించుకోవచ్చు. తర్వాత ఎన్ని కాపీలు తీసినా లెక్క నెగెటివునుంచే. అయితే ఆ తునక ఎంత పాతదో చూపే ఆధారం నాయుడి దగ్గర లేదు. ముద్ర వల్ల అది కొత్త సరుకులా కనిపిస్తోంది.

ఈ అలలను మీ కంపెనీ ఎప్పుడు తీసిందని ఏజెంటును అడిగాను. అతనికి కోపం వచ్చింది. ఇది 1896లో లండన్ వాళ్ళు తీసిన అపురూపమైన సరుకని, తమ యజమాని తండ్రి కొని తెచ్చాడని, డేరావాళ్ళకు దాని విలువేం తెలుసని అన్నాడు. నెగెటివుకు యాభై ఏళ్ళు దాటితే హక్కు ఉండదని గుర్తుచేస్తే, ఇన్‌స్పెక్టరు వేళ్ళమీద ఏళ్ళు లెక్కపెట్టి యాభై రెండన్నాడు. ఏజెంటు తడబడి, ప్రింటు తీసి పదేళ్ళే అయిందన్నాడు. ప్రింటు వయసుతో పనిలేదన్నాను. ఇన్‌స్పెక్టరు లక్కను తిరిగి సంచిలో వేసుకున్నాడు.

“ముద్ర మాత్రం మాదే” అన్నాడు ఏజెంటు. అతను చెప్పింది సరైనదే. ఇన్‌స్పెక్టరు మళ్ళీ సంచివైపు చూశాడు.

నాయుడు బ్లేడుతో అతుకు దగ్గర ఫిల్మును కోసి, ఆ ముక్కను ఏజెంటు చేతిలో పెట్టాడు.

“ఇదో అన్నా, మీ తల మీరు తీసుకోండి. సముద్రాన్ని వదిలిపెట్టండి.”

ఇన్‌స్పెక్టరు నవ్వాడు. ఏజెంటు నవ్వలేదు గాని, ముక్క తీసుకొని వెళ్ళిపోయాడు. ఆ వారంలోనే లైసెన్సు వచ్చింది.

గడువు తీరిన చిత్రం అందరిదీ అవుతుంది. తర్వాత దానికి అతికించిన ముక్కకు ఆ గడువు వర్తించదు. ఆ తర్వాత హక్కుల తగాదా ఏది వచ్చినా, ఏ భాగం ఎవరు, ఎప్పుడు తీశారో విడివిడిగా అడిగి తెలుసుకున్నాకే వార్త పంపాను.