మైకు వినబడని ఫైనల్

మా ఇంట్లో సజ్జ మీద నాలుగు గిన్నెల స్టీలు టిఫిన్ క్యారియర్ ఒకటి పన్నెండేళ్లు ఊరికే పడి ఉంది. దాని మూత మీద ‘తాడు గుంజుడు - మొదటి బహుమతి’ అని చెక్కి ఉంటుంది. మా అమ్మ నా పెళ్లి సామాన్లతో ముచ్చటపడి పంపిన వస్తువది. ఏ ఇంటికి అది పోకూడదో సరిగ్గా ఆ ఇంటికే పంపిందని ఆమెకు తెలియదు పాపం.

సామాన్లు విప్పుతుంటే మా మామ ఆ మూత చదివాడు. కింద చెక్కిన గని పేరూ చదివాడు. అప్పుడు కుర్చీ లాక్కుని కూలబడ్డాడు.

కథేమిటంటే, నేను పుట్టకముందు బొగ్గు గనుల కంపెనీ ఆటల పోటీల్లో తాడు గుంజుడు ఫైనల్ జరిగింది. గోదావరికి అవతలి గని తరఫున మా బాపు, ఇవతలి గని తరఫున మా మామ. ఇద్దరూ తాడుకు చెరో చివర, నడుముకు చుట్టుకుని నిలబడ్డారు. మధ్యలో పద్నాలుగు మంది ఉండగా ఒకరి ముఖం ఒకరికి ఏం కనిపిస్తుంది? అందుకే పెళ్లిచూపుల్లో గుర్తుపట్టలేదు, నా పెళ్లి అయిపోయింది.

ఆ ఫైనల్‌కు ముందు అందరూ ఉత్త కాళ్లతోనే గుంజాలని మైకులో చెప్పారు. మామ వాళ్లు చెప్పులు, బూట్లు విప్పి గట్టు మీద పెట్టారు. బాపు వాళ్లు మాత్రం మొదటి షిఫ్టు దిగి వచ్చిన గని బూట్లతోనే తాడు పట్టారు. రెండు గుంజుళ్లూ బాపు వాళ్లే గెలిచారు, ఆట అయిపోయింది. మామ వాళ్లు గొడవ చేశారు గానీ, బహుమతులిచ్చే పెద్దాయన లేచి నిలబడ్డాక ఎవరు వింటారు?

“మైకు వినబడలే బావా. డప్పులు మోగుతున్నయి,” అనేవాడు బాపు, ఎప్పుడడిగినా.

“మాకు వినబడ్డది, మీకెందుకు వినబడలే?” అనేవాడు మామ.

ప్రతి పండక్కీ, ప్రతి పురుడుకీ ఇదే పంచాయితీ. మామకు కావలసింది ఒక్కటే, బూట్లు తప్పేనని బాపు తన నోటితో ఒప్పుకోవడం. బాపు అన్నీ ఇచ్చాడు, అదొక్కటీ ఇవ్వలేదు. మామ రిటైరయ్యేదాకా సొట్టలు పడ్డ అల్యూమినియం డబ్బాలోనే డ్యూటీకి సద్ది కట్టించుకున్నాడు తప్ప ఆ క్యారియర్ ముట్టలేదు. నేనేమో అడకత్తెరలో పోకచెక్కని. ఎవరి వైపు మాట్లాడినా రెండోవారు అలుగుతారు కాబట్టి “అన్నం చల్లారిపోతోంది” అనడం ఒక్కటే నేర్చుకున్నాను.

మొన్నటి ఒలింపిక్స్ అప్పుడు బాపు నస్పూర్ నుంచి రోజూ బస్సెక్కి గోదావరి దాటి మా క్వార్టర్‌కు వచ్చేవాడు. మా టీవీ పెద్దదట. వియ్యంకులిద్దరూ ప్లాస్టిక్ కుర్చీల్లో కూర్చుని ప్రపంచాన్ని తూర్పారబట్టేవారు.

“గిది ఆటనా? నిలబడి తుపాకి కాలుస్తుండు. చెమట గూడ పడతలేదు,” అన్నాడు మామ ఒకరోజు.

“మన తాడు గుంజుడు ఎందుకు పెట్టరో,” అన్నాడు బాపు.

నేను ఫోన్ తీసి వెతికాను. పెట్టేవారట. వందేళ్ల కిందటి వరకు తాడు గుంజుడు ఒలింపిక్స్‌లో ఉండేది, పతకాలు కూడా ఇచ్చేవారు. తర్వాత తీసేశారు. ఆ సంగతి చదవగానే ఇద్దరూ నిటారుగా కూర్చున్నారు.

“అంటే మనమాడింది ఒలింపిక్స్ ఆటనా బావా?” అన్నాడు మామ. తాడు మాట వచ్చినప్పుడు ఇద్దరూ ఒక పక్షాన ఉండగా చూడటం నాకు అదే మొదటిసారి.

అక్కడ ఆపాల్సింది. ఆపితే నేను నేనెందుకవుతాను? కింది పేరా కూడా చదివేశాను. ఒక ఒలింపిక్స్‌లో ఆతిథ్య దేశపు పోలీసుల జట్టు బరువైన బూట్లతో దిగిందట. అది అన్యాయమని అవతలి దేశం వాళ్లు గొడవపెట్టి, తమ మాట చెల్లక పోటీ వదిలేసి వెళ్లిపోయారట.

నా నాలుక కొరుక్కున్నాను.

“మల్లొకసారి సదువు బిడ్డా,” అన్నాడు మామ.

చదివాను. మామ ఎగతాళి చేస్తాడనుకున్నాను, చేయలేదు. “ఆళ్లు ఇడిసిపెట్టి పోయిన్రు. మేం పోలే బావా. ఉత్త కాళ్లతోటి గుంజినం,” అన్నాడు మెల్లగా. “రెండోసారి గూడ గుంజినం. నా మడిమలు పగిలినయి.”

బాపు రిమోట్ అందుకుని టీవీ సౌండ్ తగ్గించాడు.

“మైకు వినబడ్డది బావా,” అన్నాడు. “బూట్లిడిస్తే ఓడిపోతమనిపించింది. ఇడువలే.”

నాకు బాపు మీద కోపమూ జాలీ ఒకేసారి వచ్చాయి. మామ గెలిచినవాడిలా కనిపించలేదు.

“గిప్పుడెందుకు చెప్పినవ్ బావా?” అన్నాడు. “ఇగ మనమేం మాట్లాడుకోవాలె?”

మర్నాడు బాపు రాలేదు. ఆ తర్వాతి రోజూ రాలేదు. ఫోన్ చేస్తే మోకాలు నొప్పి అన్నాడు. మామ ఒక్కడే టీవీ ముందు కూర్చున్నాడు. తిట్టడానికి తోడు లేక, ఏ దేశం గెలిచినా మంచిదేనన్నట్టు చూశాడు. నా నోటిదూల వల్ల రెండు ఇళ్ల మధ్య ఉన్న ఒకే ఒక్క మాటను తెంపేశానని నాకు అన్నం సయించలేదు.

మూడో రోజు పొద్దున్నే మామ స్టూలు ఎక్కి సజ్జ మీది క్యారియర్ దించాడు. దుమ్ము తుడిచి నా ముందు పెట్టాడు.

“కడుగు. మధ్యాహ్నం దీంట్లనే తింటం,” అన్నాడు. తర్వాత టీవీ వైపు చూపించాడు. అందులో నడక పందెం వస్తోంది. “ఎప్పుడూ ఒక కాలు నేల మీద ఉండాలెనట. గాయన నడుస్తలేడు, ఉరుకుతుండు. మీ బాపుకు ఫోన్ చెయ్. నేనొక్కన్నే ఎట్ల చెప్పాలె?”

“మోకాలు నొప్పట మామా.”

“నొప్పి లేదు, ఏం లేదు. బూట్లతోటి వచ్చినా మంచిదే, రమ్మను.”

ఆ మాట ఉన్నదున్నట్టు చెప్పాను. బాపు తర్వాతి బస్సుకే దిగాడు. గడపలో ఎదురుచూస్తున్న మామ మొదట ఆయన కాళ్లే చూశాడు. బాపు బస్టాండు నుంచి ఇంటిదాకా చెప్పులు చేతిలో పట్టుకుని, ఉత్త కాళ్లతో నడిచి వచ్చాడు.