వియ్యంకుణ్ణి అడగాల్సిన ప్రశ్న

బంగారయ్యకి పులి ఎదురొచ్చినా అంత భయం వేసేది కాదేమో. రేపు విచారణ గదిలో తనమీద సాక్ష్యం చెప్పబోయేది సొంత వియ్యంకుడు.

రాయపూర్ రైలు యార్డులో బంగారయ్య కాంటావాలా. అంటే లీవరు లాగి, బండిని ఏ పట్టా మీదికి పోవాలో ఆ పట్టాకి మళ్లించే మనిషి. విజయనగరం పక్కనుంచి పొట్ట చేత పట్టుకుని వచ్చి ఇక్కడే స్థిరపడ్డాడు. కూతురు గంగాభవానిని, యార్డులో ఇంజన్లకి జెండా ఊపే షంటింగు జమాదారు సూర్యారావు కొడుక్కిచ్చాడు. రెండిళ్లూ ఒకే వరస క్వార్టర్లలో ఉన్నాయి.

యాభై మూడో సంవత్సరం వానల్లో జరిగిందీ గొడవ. లీవరు దగ్గర పట్టాల సందులో కంకరరాయి ఇరుక్కుంది. బంగారయ్య వంగి దాన్ని పీకుతున్నాడు. పని అయ్యాక అతను చెయ్యెత్తాలి, అది చూసి జమాదారు పచ్చజెండా ఊపాలి, అప్పుడు ఇంజను కదలాలి. చెయ్యి ఎత్తకుండానే ఇంజను వచ్చిపడింది. గోధుమల వ్యాగను పట్టా దిగి ఒరిగిపోయింది. మనుషులకేం కాలేదు, అదొక్కటే మేలు. "బంగారయ్య చెయ్యెత్తితేనే జెండా ఊపినాను," అని సూర్యారావు తెగేసి చెప్పేశాడు. దాంతో తప్పంతా బంగారయ్య నెత్తిన పడింది.

పూర్వమైతే దొర ఒక్క కేకతో ఇంటికి పంపేసేవాడు. ఇప్పుడలా కుదరదు. తీసేసేముందు మనిషి మాట వినాలి, సాక్షిని అతని ఎదుటే పలికించాలి, ఆ సాక్షిని అతను ప్రశ్నలు అడగనివ్వాలి. గొప్ప రూలే, కాదనను. ఆ సాక్షి వియ్యంకుడైతే ఏం చెయ్యాలన్నది మాత్రం రాసిన మహానుభావుడికి తట్టలేదు.

"నోరిప్పకు," అంది అన్నమ్మ, మొగుడి కంచంలో అన్నం అలాగే ఉండిపోవడం చూసి. "మన గుంట ఆళ్లింట్లో ఉంది. నువ్వు నలుగురిలో ఆయన్ని నిలదీస్తే దాని గతేటి?"

"నౌకరీ పోతే ఈ కొంపా పోద్ది గదే."

"పోతే పోనీ. కూలి సేసుకుందాం."

అనడమైతే అంది గానీ, ఆవిడ కళ్లనిండా నీళ్లే.

మర్నాడు విచారణ చెయ్యడానికి బిలాస్‌పూర్ నుంచి వచ్చిన సాబు బంగారయ్యని కుర్చీలో కూర్చోబెట్టాడు. సాక్షిని పిలిచారు. సూర్యారావు గుమ్మంలో కనపడగానే బంగారయ్య అలవాటు చొప్పున దిగ్గున లేచాడు. చేతులు జోడించాడు. అంతటితో ఊరుకున్నాడా, తన కుర్చీ తీసి ఆయనకి జరిపాడు. ఆడపిల్ల తండ్రి కదా, ఒళ్లే అలా వంగిపోయింది.

సాబు కలం ఆపేశాడు. "మాఫీ మాంగ్‌తే హో క్యా? తప్పు ఒప్పుకుంటున్నావా?"

బంగారయ్య తల అడ్డంగా ఊపాడు. "నై సాబ్. హమారా సమధీ హై. నా కూతురు ఈళ్లింటి కోడలు."

సాబు ఇద్దర్నీ మార్చి మార్చి చూశాడు. "చుట్టరికం ఇంటిదగ్గర చూసుకో. ఇక్కడ అడిగే హక్కు నీది. నువ్వు అడగకపోతే ఆయన చెప్పిందే నిజమని రాసుకోవాల్సి వస్తుంది. తొందరేం లేదు, ఆలోచించుకో."

బంగారయ్య కళ్లముందు కూతురే మెదిలింది, ఆ వెంటే రోడ్డుమీద పడ్డ సామానూ, అన్నమ్మా. జోడించిన చేతులు వణికాయి.

"బావగారూ, తప్పుగా అనుకోకండి. ఆ దినం నాను సెయ్యెత్తడం మీరు కళ్లారా సూసినారా?"

సూర్యారావు గోడకేసి చూశాడు. కండువాతో మొహం తుడుచుకున్నాడు. "నేదు," అన్నాడు. "డ్రైవరు ఈలమీద ఈలేస్తన్నాడు. ఎత్తే ఉంటాడనుకున్నాను."

సాబు రాసుకున్నాడు. బంగారయ్య నౌకరీ నిలిచింది. ఇంటికి నడుస్తుంటే మాత్రం సంతోషం ఏ కోశానా లేదు. పరాయి ఇంట్లో ఉన్న పిల్ల గొంతు తనే కోశాడనిపించింది.

రెండోనాడు పొద్దున్నే గంగాభవాని గుమ్మంలో నిలబడింది. అన్నమ్మ ఎదురు పరిగెత్తింది.

"నిన్ను పంపించీసినారేటే?" అన్నాడు బంగారయ్య.

"ఊరుకో అయ్యా. సూడకుండా జెండా ఊపినందుకు ఇప్పుడు మావని ఎంక్వైరీకి రమ్మన్నారంట. తిండి మానేసి కూకున్నాడు. ఆ గదిలో ఏటడుగుతారో, ఎలా నిలబడాలో నీకే ఎరికంట. బేగి రమ్మన్నాడు."

బంగారయ్య కండువా భుజాన వేసుకుని బయల్దేరాడు. ఇదివరకెప్పుడు వెళ్లినా మంచంమీంచి కదలని సూర్యారావు, అతన్ని చూడగానే లేచి నిలబడ్డాడు. చేతులు వణుకుతున్నాయి.

"కూకోండి బావగారూ," అన్నాడు బంగారయ్య. "నాకూ ఇలాగే వణికినాయి."