జ్వరమొస్తే దాచుకున్న ఇంటికి

మా పెద్దమ్మ వయసులో ఉన్నప్పుడు నక్సలైట్ల దళంతో అడవుల్లో తిరిగింది. పట్టుబడి జైలుకు వెళ్లొచ్చాక జగిత్యాలలో బీడీలు చుడుతూ బతికింది. మోకాలికి ఆపరేషన్ తప్పదని డాక్టరు చెప్పిన రోజే, "కాలు సాగుతుండంగనే సిరిసిల్ల పోవాలె బిడ్డా" అంది. దళంలో ఉండగా జ్వరమొస్తే అక్కడొక నేత కుటుంబం ఆమెను దాచిందట. ఆమె వెళ్లిపోయాక పోలీసులొచ్చి ఆ ఇంటాయన్ని పట్టుకుపోయి కొట్టారని జైల్లో తెలిసింది. మొహం చెల్లక ఇన్నేళ్లూ వెళ్లలేదు.

పొద్దున ఏడింటికి ఇద్దరం బయల్దేరితే ముప్పావు గంటలో కోరుట్ల. బస్టాండు దగ్గర ఇడ్లీ తిని, కథలాపూర్, రుద్రంగి మీదుగా వేములవాడ, అక్కడ బస్సు మారి సిరిసిల్ల. ఆర్టీసీలో ఆడవాళ్లకు టికెట్ లేదు కనుక మా ఖర్చంతా టిఫిన్లూ ఆటోలే. రుద్రంగి దాటుతుంటే పెద్దమ్మ కిటికీలోంచి చెయ్యి చాపింది. "గా గుట్టల ఎనకనుంచే నడిసొచ్చినం."

"అన్నలల్ల ఉన్నవా అవ్వా?" కండక్టర్ మెల్లగా అడిగాడు.

"ఉన్న. దాసుడెందుకు?" బస్సంతా వినబడేలా అంది.

సిరిసిల్లలో ఆటో అతనికి దారి తనే చెప్పింది. సాంచాలు, అంటే మరమగ్గాలు, మోగుతున్న గల్లీలో తలుపు తీసిన ఇంటావిడ భారతమ్మ కాసేపు తేరిపార చూసి, "జ్వరం పిల్లవు కదా!" అని చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్లింది. మంచంమీద ఆమె భర్త రాజయ్య. ఎడమ చెయ్యి పైకి లేవదు. ఆ చెయ్యి చూడగానే పెద్దమ్మ ఏడ్చేసింది.

"నా వల్లనే గిట్లయింది. తిట్టుండ్రి."

"తిట్టుడెందుకు? పేరు చెప్పుమని కొట్టిండ్రు. తెల్వదంటె నమ్మలే. నిజంగనే తెల్వకపాయె. మేం పిల్లా అనే పిలిస్తిమి" అన్నాడు రాజయ్య.

భారతమ్మ అందుకుంది. "గా పిల్ల పేరేందని ఇప్పటికీ అడుగుతడు. ఇప్పుడన్న చెప్పవే."

పెద్దమ్మ కళ్లు తుడుచుకుని సర్దుకు కూర్చుంది. దళం పెట్టిన పేరు కాదు, కన్నవాళ్లు పెట్టింది చెప్పింది. "లచ్చవ్వ. మాది బుగ్గారం."

రాజయ్య ఆ పేరు ఒకసారి పలికి చూసుకున్నాడు. "మంచి పేరు. తెలిసున్నా పోలీసోళ్లకు చెప్పకపోతుంటి."

భారతమ్మ అన్నం పెట్టింది. సాయంత్రం దాకా ముగ్గురూ చనిపోయినవాళ్ల గురించి, జైలు గురించి జంకు లేకుండా మాట్లాడుకున్నారు. ఆ ఉద్యమం తప్పా ఒప్పా అని మా ఇంట్లో ఎన్నోసార్లు గొడవపడ్డాం. ఇకమీదట కూడా పడతాం. కానీ ఆ లెక్కలో రాజయ్య చెయ్యి ఇంతవరకూ లేదు. ఇప్పుడు ఉంటుంది. ఇలాంటి పాతవాళ్లను కలవడానికి సిరిసిల్ల వెళ్తే మధ్యాహ్నం భోజనాల వేళకు చేరుకోండి. చాలా సాంచాలు కాసేపు ఆగుతాయి. గొంతు పెంచకుండా మాట్లాడుకోవచ్చు.