దిష్టిబొమ్మకు ఇనుప టోపీ

మేడ మీద పెట్టిన పాత ఇనుప మూకుడులో వాన పడుతోంది. మొదటి చినుకులు ఖాళీ ఇనుము మీద గట్టిగా మోగుతాయి. అడుగున నీళ్ళు చేరేకొద్దీ ఆ మోత మెత్తబడి, చివరికి నీళ్ళ మీద నీళ్ళు పడే చప్పుడే మిగులుతుంది. ఆ మొదటి మోత చెవిన పడితే చాలు, చేస్తున్న పని వదిలేసి లేచి నిలబడతాను. తిరుపతిలో స్థిరపడి ఇన్నేళ్ళయినా, మోకాళ్ళు మొరాయిస్తున్నా, ఈ కుదురులేనితనం మాత్రం నన్ను వదల్లేదు. మా ఇంట్లో పనిచేసే కాంతమ్మ ప్రతి వానాకాలం అడుగుతుంది, "ఆ మూకుడు బోర్లిచ్చేస్తానమ్మా, తుప్పు పడతాది," అని. వద్దంటాను. ఎందుకు వద్దో చెప్పాలంటే ముందు సువార్తమ్మ గారి గురించి చెప్పాలి. ఆమె గురించి చెప్పాలంటే గ్రీకు దేశం దాకా పోవాలి. అంతసేపు వినే తీరిక కాంతమ్మకు లేదు, అంత నిదానంగా చెప్పే ఓర్పు నాకూ లేదు. అందుకని రాస్తున్నాను.

రెండో ప్రపంచ యుద్ధం ముగియవస్తున్న రోజులవి. చిత్తూరులో ఒక ఆడపిల్లల హైస్కూల్లో చిన్న తరగతులకు టీచరుగా చేరాను. సువార్తమ్మ గారు పెద్ద తరగతులకు చరిత్ర చెప్పేవారు. నాకు పని నేర్పే బాధ్యత కూడా ఆమె మీదే పెట్టారు. నలభై దాటిన మనిషి. తెల్ల చీర, బిగించి వేసిన ముడి, కొంగు చివర ఎప్పుడూ సుద్దపొడి. బోర్డు తుడిచే గుడ్డ పక్కనే ఉన్నా కొంగుతోనే తుడిచేవారు. ఆమె కుర్చీలో కూర్చోగా ఎవరూ చూడలేదు. పాఠం చెబుతూ నడిచేవారు, అన్నం తింటూ నడిచేవారు, ప్రార్థన కూడా వరండాలో ఆ కొస నుంచి ఈ కొసకు తిరుగుతూనే చేసుకునేవారు. మా అమ్మ నన్ను కాలు కాలిన పిల్లి అని తిట్టేది. స్కూల్లో నాకంటే పెద్ద పిల్లి దొరికిందని మొదటి వారంలోనే సంబరపడ్డాను. కానీ తేడా ఉంది. నేను తోచక తిరిగేదాన్ని, ఆమె ఏదో ఒక ప్రశ్నను వెంటబెట్టుకుని తిరిగేవారు. చరిత్రలో ఏ కట్టడం మాట వచ్చినా ఆమె మొదట అడిగేది ఒకటే. "దేనితో చేసినారు?" ఎవరు కట్టారు, ఎందుకు కట్టారు అన్నవి ఆ తర్వాతే.

ఒకరోజు ఆమె పాఠం వినమని నన్ను వెనక బెంచీలో కూర్చోబెట్టారు. గ్రీకుల విజయస్తంభం గురించి చెబుతూ బోర్డు మీద బొమ్మ గీశారు. నిలువుగా ఒక గుంజ, అడ్డంగా ఒక కర్ర, పైన శిరస్త్రాణం, కింద ఉక్కుచొక్కా, పక్కన డాలు. ముందు వరసలో ఒక పిల్ల ఫక్కున నవ్వి, "దిష్టిబొమ్మ టీచర్," అంది. ఇక దాని పని అయిందనుకున్నాను. సువార్తమ్మ గారు వెనక్కి జరిగి తన బొమ్మనే కాసేపు చూసుకున్నారు.

"అవునే. అచ్చం దిష్టిబొమ్మే. మీ చేలో దేనితో చేస్తారు?"

"కట్టెతో టీచర్. నాయన చినిగిన చొక్కా తొడిగి, నెత్తిన సున్నం బొట్లు పెట్టిన కుండ బోర్లిస్తాం."

"గ్రీకులోళ్ళు ఓడిపోయినోని చొక్కా తొడిగినారు. అంతే తేడా."

శత్రువు ఎక్కడ వెన్ను చూపి మళ్ళాడో సరిగ్గా అక్కడే దాన్ని పాతేవారట. మలుపును వాళ్ళ భాషలో ‘ట్రోపే’ అంటారట, దానికి పేరు అందులోంచే వచ్చిందట. మనం ఆటల్లో గెలిచినవాళ్ళకిచ్చే ట్రోఫీ కూడా ఆ మాటేనని ఆమె చెబితే తరగతంతా నోరు తెరిచింది. దానికి ఒక కట్టడి ఉంది. దేవుడికి ఇచ్చింది కాబట్టి ఎవరూ కూల్చకూడదు. కట్టె కాబట్టి పుచ్చిపోతుంది, పుచ్చిపోతే ఎవరూ బాగుచేయకూడదు. "పగను మరమ్మతు చేసుకుంటా కూర్చోవడం వాళ్ళ దేవుళ్ళకు కూడా నచ్చలేదంట," అన్నారు. రోమన్ల దారి వేరు. వాళ్ళు రాతితో తోరణాలు కట్టారు. శత్రువుల ఓడల ముక్కులు కోసి తెచ్చి, ఉపన్యాసాలిచ్చే అరుగుకు కొట్టారు. పట్టుకొచ్చిన ఆయుధాలను ఇంటి గుమ్మానికి బిగించేవారు. ఇల్లు అమ్ముకున్నా కొన్నవాడు వాటిని పీకకూడదట. యుద్ధం మొగమెరుగనివాడు కూడా ఆ గుమ్మం కిందనే రోజూ వంగి పోవాలి. అప్పుడు నేను కూడా నవ్వాను. ఆ గుమ్మం మా ఇంటికే వస్తుందని అనుకోలేదు.

మా అన్న మునిరత్నం పట్టాళంలో మోటారు నడిపేవాడు. ఇటలీలో యుద్ధం చూసి తిరిగి వచ్చాడు. మాట తగ్గిపోయింది, తిండి తగ్గిపోయింది, నడక మాత్రం పెరిగింది. నాయన అతని పెట్టె విప్పితే బట్టల అడుగున జర్మనీ సిపాయి ఇనుప టోపీ ఒకటి కనిపించింది. ఎక్కడిదని అడిగితే అన్న బదులు చెప్పలేదు. నాయన ఆ మౌనానికి తనే అర్థం రాసుకున్నాడు. కొడుకు ఒక శత్రువును పడగొట్టి తెచ్చాడని ఊళ్ళో చెప్పాడు. వారం తిరిగేసరికి ఆ ఒక్కడు ముగ్గురయ్యాడు. టోపీని ద్వారబంధం మీద మేకు కొట్టి తగిలించాడు. ఆరోజు నుంచి అన్న ముందు వాకిట్లో అడుగు పెట్టలేదు. పెరటి తలుపున వచ్చి తిని, పశువుల కొట్టంలో పడుకునేవాడు. విప్పిన పెట్టెను మళ్ళీ సర్దుకుని కొట్టంలోనే పెట్టుకున్నాడు. ఆ పెట్టెను చూసినప్పుడల్లా అతను ఎప్పుడు వెళ్ళిపోతాడోనని అమ్మ భయపడేది. నాకు కాలు నిలిచేది కాదు.

అంతలో ఊరి పెద్దలు మా స్కూలు మైదానంలోనే విజయోత్సవ సభ పెడతామని, అన్నను టోపీతో సహా వేదిక ఎక్కిస్తామని కబురు చేశారు. నాయన ఉబ్బిపోయాడు. అన్న కొట్టంలో నుంచే చెప్పాడు, "నన్ను ఆడికి పిలిస్తే ఆ పొద్దే రైలెక్కతా. ఇంగ ఈ ఇంటికి రాను." అది బెదిరింపు కాదని అమ్మకూ నాకూ తెలుసు. నాయనకు తెలియదు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళనే మనిషి.

మర్నాడు స్కూలు వరండాలో సువార్తమ్మ గారి వెంట నడుస్తూ సంగతంతా చెప్పాను. టోపీని బావిలో పారేస్తానన్నాను.

"పారేస్తే పోతాదా పాపా? మీ నాయన పాతాళగరిగె వేసి తీస్తాడు. లేకుంటే పోయిందని ఇంకా జాస్తి చెప్పుకుంటాడు. కూల్చకూడదని గ్రీకులోళ్ళు ఉత్తికే అనలేదు."

"మరి ఎన్నాళ్ళు చూస్తా ఉండేది టీచరమ్మా?"

"పుచ్చిపొయ్యేదాకా. నిలకడ మీద నిజం తెలుస్తాదంటారే, నీకూ నాకూ లేనిది ఆ నిలకడే. నేనొస్తా పద, మీ నాయనతో మాట్లాడతా."

ఆ సాయంత్రమే వచ్చారు. అమ్మ పీట వేసినా కూర్చోలేదు, మజ్జిగ లోటా పట్టుకుని పందిట్లో తిరుగుతూనే మాట్లాడారు. రోమన్ల గుమ్మం కథ చెబితే నాయన మనసు మారుతుందని నా ఆశ. నాయన అంతా శ్రద్ధగా విని, "మంచి పద్ధతే టీచరమ్మా. పుట్టబొయ్యే పిల్లోళ్ళకు రోషం వస్తాది," అన్నాడు. సువార్తమ్మ గారు లోటా దించి ద్వారబంధం వైపు చూశారు.

"ఐతే ఇంత చీకటిగా యాల పెట్టినావన్నా? ఇంటికొచ్చినోళ్ళకు తప్ప ఎవురికి కనపడతాది? మీ చేను పుత్తూరు రోడ్డు మీదే ఉండాది కదా. చేలో గుంజ పాతి దాని నెత్తిన పెడితే బస్సులో పొయ్యేవాళ్ళంతా సూస్తారు. గ్రీకు రాజులు అట్లనే చేసినారు."

నాయన కళ్ళు మెరిశాయి. ఇంకెవరైనా చెప్పి ఉంటే దిష్టిబొమ్మను చేయమంటున్నారని గ్రహించేవాడేమో. గ్రీకు రాజులు అడ్డం వచ్చి గ్రహించలేదు.

"ఒకటే కట్టడి. పాతినాక కూల్చకూడదు, బాగుచేయకూడదు. దేవునికి ఇచ్చినట్టు. మాటిస్తావా అన్నా?"

"దిష్టిబొమ్మకు బాగు చేసేదేముండాది టీచరమ్మా," అని నవ్వి మాట ఇచ్చాడు నాయన. దిష్టిబొమ్మ అన్న మాట తన నోటనే వచ్చిందని కూడా గమనించలేదు.

అలా మా చెనిక్కాయ చేలో గుంజ లేచింది. అన్న పాత చొక్కా ఒకటి తొడిగి, పైన ఇనుప టోపీ పెట్టాడు నాయన. సభకు పిలవవచ్చిన పెద్దలు, ఇంగ్లీషువాళ్ళ యుద్ధపు గుర్తు దిష్టిబొమ్మ నెత్తికెక్కడం చూసి చిన్నబుచ్చుకుని పోయారు. అన్నను మళ్ళీ పిలవలేదు. అతను రైలెక్కలేదు. అయితే పెరటి తలుపు కూడా వదల్లేదు. పెట్టె కొట్టంలోనే ఉంది. ద్వారబంధం మీద మేకు అలాగే ఉంది, అక్కడ టోపీ లేకపోయినా అది ఉన్నట్టే అతను తిరిగేవాడు. సువార్తమ్మ గారికి గూడూరు బదిలీ అయింది. రైలెక్కేముందు ప్లాట్‌ఫారం మీద తిరుగుతూ నాతో, "తొందరపడి కదిలించబాక పాపా," అన్నారు. ఎంత కష్టమైన పని అప్పజెప్పారో ఆమెకు తెలుసు. చేలోకి పోయినప్పుడల్లా ఆ గుంజను ఒక్క తన్ను తన్నాలని కాలు లాగేది.

రెండో వానాకాలానికి చెదలు పని పూర్తిచేశాయి. ఒక పొద్దున చూస్తే గుంజ విరిగి, టోపీ బురదలో వెల్లకిలా పడి ఉంది. నాయన అప్పుడే కొత్త తుమ్మ గుంజ భుజాన వేసుకుని బయలుదేరాడు. నేను వెంటబడి, టీచరమ్మకు మాట ఇచ్చావు కదా అన్నాను. "పడిన దిష్టిబొమ్మను ఎత్తని రైతు యాడన్నా ఉండాడా?" అని విసుక్కున్నాడు. సన్నగా వాన మొదలైంది. గట్టు మీద తిరుగుతున్న అన్న మమ్మల్ని చూసి చేలోకి దిగాడు. వెల్లకిలా పడిన టోపీలో చినుకులు మోగుతున్నాయి. అన్న దాని దగ్గరే ఆగిపోయాడు.

"ఎత్తొద్దు నాయనా."

"యాలరా? నువ్వు గెల్చి తెచ్చింది."

"నేను గెల్చుకోల్యా. వాడు రోడ్డు పక్కన పడుండినాడు. కడుపులో దెబ్బ. నీళ్ళు పట్టేదానికి నా దగ్గిర ఏమీ లేకుండె. వాని టోపీనే తీసుకోని వాగుకు పోయినా. నేనొచ్చేలోపల అయిపోయినాడు. అది నా చేతిలోనే ఉండిపోయింది."

నాయన కొడుకు వైపు తిరిగాడు. గుంజ భుజం మీదే ఉంది.

"నీళ్ళు అడిగినాడా?"

"వాని మాట నాకేం తెలుసు. నోరు సూస్తే తెలీదా నాయనా."

నాయన వంగి టోపీని చూశాడు. అడుగున కాస్త నీళ్ళు చేరాయి. చెయ్యి చాపి, ముట్టుకోకుండానే వెనక్కి తీసుకున్నాడు. తెచ్చిన గుంజను మళ్ళీ భుజాన సర్దుకుని ఇంటిదారి పట్టాడు. ఇంటికి వచ్చీ రాగానే ద్వారబంధం మీది మేకును పట్టకారుతో పీకేశాడు. ఆరోజు మధ్యాహ్నం అన్న ముందు వాకిట్లో నుంచి లోపలికి వచ్చాడు. అమ్మ అతని బురద కాళ్ళు చూసి, "కాళ్ళు కడుక్కోని రా, అన్నం పెడతా," అంది.

ఈ సంగతి సువార్తమ్మ గారికి చెప్పకుండా నేను ఆగలేకపోయాను. సెలవు పెట్టి, రేణిగుంటలో బండి మారి గూడూరు పోయాను. ఆమె స్కూలు వరండాలో నడుస్తున్నారు. నేను పక్కన నడుస్తూ చెప్పుకుపోయాను. గుంజ విరిగిందన్నప్పుడు తల ఊపారు. తన ఉపాయం పారిందనే తృప్తి మొహంలో కనిపించింది. నీళ్ళ సంగతి చెప్పేసరికి ఆమె అడుగు ఆగిపోయింది. పక్కనే ఉన్న బల్ల మీద కూర్చున్నారు. ఆమె కూర్చోవడం నేను చూసింది ఆ ఒక్కసారే.

"ఇన్నేండ్లు పిల్లోళ్ళను దేనితో చేసినారని అడగతా వచ్చినా," అన్నారు చివరికి. "మీ ఇంట్లో కూడా అదే సూసినా. కట్టెతో పెట్టాల, ఇనుమైతే తుప్పు పట్టాల అని. అది దేనికి తీసినాడో మీ అన్నను అడగాలని నాకు తోచల్యా పాపా. నీళ్ళ చెంబును పట్టుకోని విజయస్తంభం అనుకున్నా." కొంగుతో మొహం తుడుచుకుంటే చెంపకు సుద్ద అంటింది. "రేపట్నించి ఆ పాఠం మార్చి చెప్పాల."

మార్చే ఉంటారు. ఆమెను మళ్ళీ కలిసే అవకాశం నాకు రాలేదు. నేను రిటైరయ్యేదాకా గ్రీకుల పాఠం చెప్పిన ప్రతిసారీ పిల్లలతో దేనితో, దేనికి అన్న రెండు ప్రశ్నలూ అడిగించాను. ఇంట్లో మాటామాటా వచ్చినప్పుడు మాత్రం ఆ గ్రీకుల కట్టడి మీదే నిలబడడానికి చూస్తాను. పాత తగవును కూల్చను, కొత్త గుంజ పెట్టి ఎత్తను. కాలు కాలిన పిల్లికి ఇది చాలా కష్టం, సగంసార్లు ఓడిపోతాను. అన్న ఆ టోపీని చేలో పడినచోటే వదిలేశాడు. ఆ చోట నాగలి పక్కకు తిప్పి దున్నేవాడు. అన్న పోయాక చేను చేతులు మారింది. టోపీ ఏమైందో తెలియదు.

వాన వెలిసింది. మూకుడు నిండినట్టుంది, మోత లేదు. కాంతమ్మ మెట్లెక్కుతూ మళ్ళీ అడుగుతోంది, బోర్లించమంటారా అని.

"ఉండనీలే. ఎవరికన్నా దాహమవుతాది," అన్నాను.